నమ్మని మనిషి రాసిన నమ్మకాల చరిత్ర: ఇ.ఆర్. డాడ్స్ గురించి ఒక ప్రసంగం

అందరికీ నమస్కారం. వెనక వరసకి వినపడుతోందా? ఈ ఫ్యాన్ చప్పుడుతో నా గొంతు పోటీ పడలేదు. వినపడకపోతే చెయ్యెత్తండి.

"గ్రీకు తత్త్వం మీద ఏదైనా మాట్లాడండి" అని పిలిచారు. గ్రీకు తత్త్వం అంటే సోక్రటీస్, ప్లేటో, అరిస్టాటిల్ అని మూడు పేర్లు చెప్పుకుని టీకి లేవడం మనకు అలవాటు. ఈ పూట ఆ ముగ్గురి జోలికి ఎక్కువగా పోను. వాళ్ళు పోయిన ఆరేడు వందల ఏళ్ళ తర్వాత, రోమన్ సామ్రాజ్యం నడుస్తుండగా, ఒక పక్క గుళ్ళు మూతపడుతూ ఇంకో పక్క చర్చీలు లేస్తున్న రోజుల్లో కూడా గ్రీకులో తత్త్వం రాస్తూ కూర్చున్నవాళ్ళు ఉన్నారు. ఆ కాలాన్ని లేట్ యాంటిక్విటీ అంటారు. మనం మలిప్రాచీన కాలం అనుకుందాం. ఆ కాలపు మతాన్నీ తత్త్వాన్నీ చదవడానికి జీవితంలో పెద్ద భాగం ఖర్చుపెట్టిన ఒక ఐర్లండ్ మనిషి గురించి చెప్తాను. పేరు ఎరిక్ రాబర్ట్‌సన్ డాడ్స్.

ఆయన నాకు పరిచయమైంది అబిడ్స్‌లో, ఆదివారం ఫుట్‌పాత్ మీద. ఇంటర్ గైడ్లకీ పాత కంప్యూటర్ పుస్తకాలకీ మధ్య అట్ట ఊడిపోయిన పుస్తకం ఒకటి కనపడింది. "గ్రీకులూ, హేతువుకు అందనిదీ" అని చెప్పుకోవచ్చు దాని పేరుని. కొట్టువాడు బరువు చూసి ధర చెప్పాడు, నేను బేరమాడలేదు. ఇంటికొచ్చి తిరగేస్తుంటే చివర అనుబంధంలో ఒకచోట, అంచున, ఎవరో పెన్సిల్‌తో తెలుగులో ఒకే ఒక్క మాట రాసి ఉంది. ఆ మాట ఏమిటో తర్వాత చెప్తాను. 

డాడ్స్ 1893 జూలై 26న ఐర్లండ్ ఉత్తరాన బాన్‌బ్రిడ్జ్ అనే ఊళ్ళో పుట్టాడు. లినెన్ బట్ట నేసే ఊరు. తండ్రి హెడ్మాస్టరు, తాగుడు వల్ల పిల్లాడి చిన్నతనంలోనే పోయాడు. తల్లి డబ్లిన్ తీసుకెళ్ళి, టీచరు ఉద్యోగం చేసుకుంటూ పెంచింది. తర్వాత బెల్ఫాస్ట్‌లో కాంప్‌బెల్ కాలేజీ అనే స్కూల్లో వేశారు. అక్కణ్ణుంచి గెంటేశారు. కారణంగా వాళ్ళు రాసిన మాట మీకు చెప్పాలి: మితిమీరిన, ఆలోచించి మరీ చేసిన, మానకుండా సాగించిన పొగరు. ఆ మధ్య విశేషణం చూడండి. పొగరుని కూడా హోంవర్క్ చేసి ప్రదర్శించాడన్నమాట. అంత శ్రద్ధ ఉన్న కుర్రాడు పండితుడు కాకుండా ఎలా ఉంటాడు?

1912లో స్కాలర్‌షిప్ మీద ఆక్స్‌ఫర్డ్‌లోని యూనివర్సిటీ కాలేజీలో చేరాడు. అక్కడ ప్లొటైనస్ మీద జె.ఎ. స్టూవర్ట్ అనే పెద్దాయన క్లాసు చెప్పేవాడు. వచ్చేవాళ్ళు వేళ్ళ మీద లెక్కపెట్టేంతమంది. వాళ్ళలో అమెరికా నుంచి వచ్చిన టి.ఎస్. ఎలియట్ అనే కుర్రాడు ఒకడు, తర్వాత పెద్ద కవి అయినవాడు. ప్లొటైనస్ క్రీ.శ. మూడో శతాబ్దపు తత్త్వవేత్త. ఆ రోజుల్లో ఆక్స్‌ఫర్డ్‌లో ఆయన్ని చదవడం అంటే, తెలుగు ఎమ్మేలో కవిత్రయాన్ని పక్కనపెట్టి క్షీణయుగ ప్రబంధం మీద థీసిస్ రాస్తానన్నట్టు. "అబ్బాయి తెలివైనవాడే, ఏమైందో పాపం" అనుకుంటారు చూడండి, అలాగ.

1916లో డబ్లిన్‌లో ఈస్టర్ తిరుగుబాటు జరిగింది. బ్రిటిష్ పాలన మీద ఐరిష్ వాళ్ళు ఆయుధాలు పట్టారు. డాడ్స్ తిరుగుబాటుదారుల పక్షం మాట్లాడాడు. మొదటి ప్రపంచ యుద్ధం నడుస్తున్న సమయం, ఆక్స్‌ఫర్డ్ నడిబొడ్డున. ఊరు విడిచి వెళ్ళమన్నారు. వెళ్ళాడు. మరుసటేడు పరీక్షలకి మాత్రం తిరిగొచ్చి, ఫస్ట్ క్లాసు తెచ్చుకుని మళ్ళీ వెళ్ళిపోయాడు. అంతకుముందు, ఆ యుద్ధకాలంలోనే, సెర్బియాలో సైనికాసుపత్రిలో కొన్నాళ్ళు పనిచేశాడు, సైన్యంలో మాత్రం చేరలేదు. ఇది గుర్తుపెట్టుకోండి, ఇరవై ఏళ్ళ తర్వాత ఆయన మెడకు చుట్టుకుంటుంది.

ఆ తర్వాత డబ్లిన్‌లో యేట్స్ వంటి కవుల పరిచయం, కొన్నాళ్ళు బడిపంతులుగిరీ, 1919 నుంచి రెడింగ్‌లో లెక్చరర్ ఉద్యోగం, 1923లో అక్కడే ఇంగ్లీషు చెప్పే ఆనీ పవెల్‌తో పెళ్ళి, 1924లో బర్మింగ్‌హామ్‌లో గ్రీకు ప్రొఫెసర్ పదవి. అప్పటికి కుర్రాడుగా ఉన్న కవి ఆడెన్ స్నేహితుడయ్యాడు. లూయీ మాక్‌నీస్ అనే ఇంకో కవికి ఉద్యోగం ఇప్పించింది ఈయనే. తనూ ముప్ఫై రెండు పద్యాలు అచ్చేసుకున్నాడు, ఆ తర్వాత కవిత్వం వాళ్ళకి వదిలేశాడు.

1928లో ఆయన ఒక వ్యాసం రాశాడు. చాలా పొడుగేం కాదు. కానీ మన దేశంవాళ్ళు ప్రత్యేకంగా తెలుసుకోవాల్సిన వ్యాసం అది. ప్లొటైనస్ చెప్పేది ఏమిటంటే, అన్నిటికీ మూలం 'ఏకం'. దానికి రూపం లేదు, గుణం లేదు, చోటు లేదు, పేరు పెట్టలేం, 'ఉంది' అని కూడా అనలేం. ఇది వినగానే మన ప్రాణం లేచొస్తుంది. "ఇది ఉపనిషత్తు కదండీ! నేతి నేతి!" అంటాం. మనమే కాదు, ఎమిల్ బ్రెయ్యే వంటి ఫ్రెంచి పండితులు కూడా ఈ భావం గ్రీకుది కాదు, ఇండియా నుంచి వచ్చి ఉండాలి అన్నారు. దానికి ఆధారంగా కనిపించే ముక్క కూడా ఒకటుంది. ప్లొటైనస్ శిష్యుడు పోర్ఫిరీ రాసిన జీవితచరిత్రలో, గురువుగారికి పర్షియా తత్త్వం, భారతదేశ తత్త్వం తెలుసుకోవాలని కోరిక పుట్టి, క్రీ.శ. 243లో గోర్డియన్ చక్రవర్తి పర్షియా మీదకి దండెత్తితే ఆ సైన్యం వెంట బయల్దేరాడని ఉంది.

బయల్దేరాడు. అయితే చేరలేదు. చక్రవర్తి మెసపొటేమియాలోనే చచ్చిపోయాడు, ప్లొటైనస్ ప్రాణాలు అరచేత పెట్టుకుని ఆంటియోక్‌కి పారిపోయాడు, అక్కణ్ణుంచి రోము. సింధు నది ఆయన చూడనే లేదు. డాడ్స్ చేసిన పని ఏమిటంటే, ప్లేటో రాసిన 'పార్మెనిడీస్' అనే సంభాషణ తీసుకుని, అందులో 'ఏకం' గురించిన వాక్యాలనూ ప్లొటైనస్ వాక్యాలనూ పక్కపక్కన పెట్టాడు. భాగాలు లేవు, చోటు లేదు, పేరు లేదు, తెలియబడదు, అన్నీ ప్లేటోలోనే ఉన్నాయి. ఆ సంభాషణని అంతవరకూ తర్కవిన్యాసంగానో హాస్యంగానో చదివేవారు. దాన్ని వేదాంతంగా చదవడం ప్లొటైనస్‌తో మొదలుకాలేదు, అంతకుముందే మొదటి శతాబ్దంలో, ఈనాటి స్పెయిన్‌లోని కాదిస్‌కి చెందిన మోడరాటస్ అనే పైథాగరస్ మతస్థుడి దగ్గర కనపడుతోందని కూడా చూపించాడు. గ్రీకులో ఎక్కడా దొరకలేదు కాబట్టి ఇండియానే అయ్యుంటుంది అన్న వాదన అక్కడితో బలహీనపడింది. నాకు మొదటిసారి చదివినప్పుడు కొంచెం కష్టంగానే అనిపించింది, ఒప్పుకుంటాను. మన ఇంటిదనుకున్న గిన్నె మీద పక్కింటివాళ్ళ పేరు కనపడినట్టు. అయితే రెండు ఇళ్ళలోనూ ఎవరికివారు ఒకేరకం గిన్నె చేసుకోవడం ఇంకా పెద్ద విశేషం కదా అని తర్వాత తోచింది.

1933లో, ప్రోక్లస్ అనే అయిదో శతాబ్దపు గ్రీకు తత్త్వవేత్త రాసిన పుస్తకం. ఇది డాడ్స్ పాండిత్యానికి పరాకాష్ఠ. 'దైవతత్త్వ మూలసూత్రాలు' అందాం. 211 ప్రతిపాదనలు, ఒక్కోదాని కింద రుజువు, యూక్లిడ్ రేఖాగణితం పద్ధతిలో దేవుడి గురించి. ఈ పుస్తకం అరబ్బీలోకి వెళ్ళి, రూపం మారి, అక్కణ్ణుంచి లాటిన్‌లోకి 'కారణాల గ్రంథం' పేరుతో వచ్చి, ఐరోపా అంతా అది అరిస్టాటిల్ రాసిందనుకుని చదువుకుంది. 13వ శతాబ్దంలో థామస్ అక్వినాస్ అనే క్రైస్తవ తత్త్వవేత్త, అసలు ప్రోక్లస్ లాటిన్ అనువాదం చేతికొచ్చాక, ఇది అరిస్టాటిల్‌ది కాదు, ప్రోక్లస్ నుంచి వచ్చిందని పట్టుకున్నాడు. డాడ్స్ చేతిరాత ప్రతులన్నీ తిరగేసి, గ్రీకు పాఠం సరిచేసి, ఇంగ్లీషు చేసి, వ్యాఖ్య రాశాడు. ఆ ప్రచురణ ఈనాటికీ పనికొస్తోంది.

ప్రోక్లస్ మనిషిని ఒక్కసారి దగ్గర్నుంచి చూద్దాం. క్రీ.శ. 412లో పుట్టాడు, 485లో పోయాడు. ఏథెన్స్‌లో ఇల్లు, ప్లేటో పీఠానికి అధిపతి. ఆయన శిష్యుడు మారినస్ రాసిన జీవితచరిత్ర మన దగ్గరుంది. రోజూ సూర్యుడికి మూడుసార్లు నమస్కరించేవాడట, పొద్దున్న, మధ్యాహ్నం, సాయంత్రం. మీలో కొందరు నవ్వుతున్నారు, మీ తాతగారు గుర్తొచ్చి ఉంటారు. నెల చివరి రోజు ఉపవాసం. తత్త్వవేత్త అన్నవాడు ఒక్క ఊరి దేవుడికి కాదు, లోకం మొత్తానికి పూజారిలా ఉండాలనేవాడు. అప్పటికి రాజ్యం క్రైస్తవులది. పార్థెనాన్ గుళ్ళోంచి ఎథీనా అమ్మవారి విగ్రహాన్ని తీసేశారు. ఆ రోజుల్లో ప్రోక్లస్‌కి కల వచ్చింది. ఒక అందమైన స్త్రీ కనపడి, "ఇల్లు త్వరగా సర్దుకో, ఏథెన్స్ అమ్మవారు నీ ఇంట్లో ఉండాలనుకుంటోంది" అని చెప్పింది. 211 రుజువులు కట్టినవాడికే ఈ కల వచ్చింది. ఆ రెండూ ఒకే బుర్రలో ఎలా ఇమిడాయన్నది డాడ్స్‌ని చివరిదాకా వదల్లేదు.

1936లో ఆక్స్‌ఫర్డ్ గ్రీకు పీఠం ఖాళీ అయింది. రీజియస్ ప్రొఫెసర్ పదవి, రాజుగారి పేరు మీద ప్రధానమంత్రి సిఫార్సుతో వేసేది. దిగిపోతున్న గిల్బర్ట్ ముర్రే డాడ్స్ పేరు చెప్పాడు. మారిస్ బౌరా, డెనిస్టన్ అని ఆక్స్‌ఫర్డ్‌లోనే ఇద్దరు దిగ్గజాలు ఆశపెట్టుకుని ఉన్నారు. పదవి మాత్రం బర్మింగ్‌హామ్ నుంచి వచ్చినవాడికి దక్కింది. యుద్ధంలో పోరాడలేదు, ఐరిష్ తిరుగుబాటుదారులని మెచ్చుకున్నాడు, సోషలిస్టు, పైగా ప్రోక్లస్ చదువుతాడు! పెళ్ళిలో ఇష్టంలేని వియ్యంకుడికి జరిగే మర్యాద జరిగింది ఆయనకి. ఒకప్పుడు వెళ్ళమన్న ఊరే పిలిచి పెద్దపీట వేసి, పక్కన ఎవరూ కూర్చోలేదు. అయినా 1960లో రిటైరయ్యేదాకా ఆ పీఠం ఆయనదే. మధ్యలో రెండో ప్రపంచ యుద్ధం, ప్రభుత్వం పని మీద చైనా ప్రయాణం, యూరిపిడీస్ 'బాకే' నాటకానికి గొప్ప వ్యాఖ్య. ఇవన్నీ ఉన్నాయి, కానీ నేను అబిడ్స్ పుస్తకం దగ్గరికి రావాలి.

ఆ పుస్తకం ఒక చిన్న సంఘటనతో మొదలవుతుంది. బ్రిటిష్ మ్యూజియంలో పార్థెనాన్ శిల్పాలు చూస్తూ నిలబడితే ఒక కుర్రాడు వచ్చి, బిక్కమొహం వేసుకుని, "చెప్పుకోవడానికి సిగ్గుగా ఉంది, ఈ గ్రీకువి నన్ను కదిలించట్లేదు" అన్నాడట. ఎందుకని అడిగితే, అంతా మరీ హేతుబద్ధంగా ఉందన్నాడు. డాడ్స్ ఆ మాట పట్టుకుని ఆలోచనలో పడ్డాడు. గ్రీకులు నిజంగా అంత హేతుబద్ధులా? 1949-50లో కాలిఫోర్నియాలోని బర్క్‌లీలో ఆయన ఇచ్చిన ప్రసంగాలు దానికి జవాబు, 1951లో పుస్తకమయ్యాయి. హోమర్ కావ్యంలో అగమెమ్నాన్ రాజు తన తప్పుకి "నేను కాదు, దేవతల రాజు జ్యూస్, విధి, చీకట్లో నడిచే పగదేవత ఎరీనిస్ నా బుద్ధి చెడగొట్టారు" అనడం దగ్గర మొదలుపెట్టి, కలలు, పూనకాలు, దేవుడు ఇచ్చే పిచ్చి, అన్నీ వరసగా చూపించాడు. మనస్తత్వశాస్త్రం, మానవశాస్త్రం గ్రీకు పాఠాల పక్కన పెట్టి చదవడం అప్పటికి పెద్ద సాహసం. ఇప్పుడు ప్రతివాళ్ళూ చేస్తున్నారు.

ఆ పుస్తకం చివర రెండో అనుబంధం 'థియర్జీ' గురించి. దేవతలతో పని చేయించే క్రియాకాండ అనుకోండి. ప్రోక్లస్‌కీ, అంతకుముందు ఇయాంబ్లికస్ అనే తత్త్వవేత్తకీ ఇది తత్త్వం కన్నా పైమెట్టు. అందులో ఒక భాగం విగ్రహాల గురించి. విగ్రహం లోపల బోలుగా ఉంచి, ఆ దేవతకి చెందిన మూలికలు, రాళ్ళు, ముద్రలు పెట్టి, మంత్రాలతో దేవతను అందులోకి రప్పిస్తారు. ఏ దేవతకి ఏ వస్తువు చెందుతుందో ఎలా తెలుస్తుంది? ప్రోక్లస్ చెప్పే ఉదాహరణ చూడండి: తామర. సూర్యుడు రాకముందు ముడుచుకుని, వస్తుంటే విచ్చుకుని, పోతుంటే మళ్ళీ ముడుచుకుంటుంది కాబట్టి అది సూర్యుడి వరసలోది. రేకులు కదిలించడమే దానికి స్తోత్రం.

ఆ పేజీ అంచునే పెన్సిల్ మాట: "ప్రాణప్రతిష్ఠ?" ప్రశ్నార్థకంతో సహా.

రెండో భాగం మనుషుల గురించి. దేవత మనిషిలోకి వచ్చి మాట్లాడుతుంది. సికింద్రాబాద్‌లో బోనాల మర్నాడు రంగం చూసినవాళ్ళకి, పచ్చి కుండ మీద నిలబడి అమ్మవారు పూనిన ఆమె భవిష్యవాణి చెప్పడం చూసినవాళ్ళకి, నేను వివరించక్కర్లేదు. పోర్ఫిరీ సేకరించిన దేవవాక్కుల్లో ఒకటుంది, నాకు చాలా ఇష్టం. పూనిన దేవుడే ఆ మనిషి నోటితో బతిమాలుతున్నాడు: "ఇక ప్రభువును విడిచిపెట్టండి, ఈ మనిషిలో దేవుడు ఇక పట్టడు." పూనకం దిగాక ఆ మనిషి ఎలా సొమ్మసిల్లుతాడో దగ్గర్నుంచి చూసినవాడెవడో ఈ వాక్యం వెనక ఉన్నాడు.

డాడ్స్ ఇదంతా ఎంత శ్రద్ధగా చదివాడో, తీర్పు దగ్గరికి వచ్చేసరికి అంత కఠినంగా మాట్లాడాడు. దారి తప్పిన, నిరాశపడిన మేధావులకి థియర్జీ చివరి ఆశ్రయం అన్నాడు. ఇక్కడ నాకు ఆయనతో పేచీ. మా ఇంట్లో పూజ చేసేవాళ్ళెవరూ నిరాశలో చేయలేదు. మా అమ్మ దీపం పెట్టింది సాయంత్రం అయింది కాబట్టి. రాళ్ళలో, ఆకుల్లో, పువ్వుల్లో దైవం జాడ ఉందనుకునేవాడు లోకం మీద ఆశ వదులుకున్నవాడు ఎలా అవుతాడు? తర్వాతి తరం పండితులు కూడా ఇయాంబ్లికస్‌ని వెనకేసుకొచ్చి దాదాపు ఇదే అన్నారు. 1940లలో కూర్చుని రాస్తున్న డాడ్స్‌కి తన చుట్టూ ఉన్న ఐరోపా నిరాశే అందులో కనపడిందేమో అనిపిస్తుంది నాకు.

అలాగని ఆయన ఇవన్నీ పుస్తకాల్లో చూసి మాత్రమే మాట్లాడాడనుకోకండి. అతీంద్రియ విషయాలను పరిశోధించే సొసైటీ ఒకటి లండన్‌లో ఉంది. 1927 నుంచి దాని కార్యవర్గంలో ఉన్నాడు, 1961 నుంచి 1963 దాకా అధ్యక్షుడు. మనసు మనసుకి కబురు అందే అవకాశాన్ని తోసిపుచ్చలేదు. చచ్చాక మనిషి మిగులుతాడా అంటే మాత్రం, ఎందుకు నమ్మనో చెప్తూ 1934లో పెద్ద వ్యాసమే రాశాడు. చచ్చినవాళ్ళతో మాట్లాడతామనే మీడియమ్‌ల ఎదురుగా కూర్చుని, వాళ్ళని వెక్కిరించకుండా, వాళ్ళని నమ్మకుండా, నోట్సు రాసుకోవడం. ఆయన వృత్తి మొత్తం ఆ కుర్చీలో నుంచే చేశాడు.

1963లో ప్రసంగాలకి బెల్ఫాస్ట్ పిలిచింది. పొగరని గెంటేసిన ఊరే, అర్ధశతాబ్దం తర్వాత. నాలుగు ప్రసంగాలు, రోమన్ చక్రవర్తి మార్కస్ ఆరీలియస్ నుంచి కాన్‌స్టంటైన్ చక్రవర్తి క్రైస్తవంలోకి మారేదాకా. ఆ కాలానికి ఆయన పెట్టిన పేరు, స్నేహితుడు ఆడెన్ కావ్యం నుంచి తీసుకున్నది: ఆందోళనా యుగం. మనం టెన్షన్ అంటామే, అదే, నూట యాభై ఏళ్ళ పాటు. ఏళ్ళ తరబడి జబ్బుతో, కలలో దేవుడు చెప్పాడని చలికాలంలో మంచులాంటి నదిలో మునిగే అరిస్టైడిస్ అనే వక్త. 165లో ఒలింపియాలో జనం చూస్తుండగా చితి పేర్చుకుని దూకిన పెరిగ్రైనస్ అనే తత్త్వవేత్త. 203లో కార్తేజ్ జైల్లో కూర్చుని తన కలలు రాసుకున్న పెర్పెటువా అనే క్రైస్తవురాలు, చంటిబిడ్డ తల్లి. క్రైస్తవం ఎందుకు గెలిచింది అన్న చోట డాడ్స్ మహిమలూ చెప్పడు, కుట్రలూ చెప్పడు. వితంతువుకి తిండి పెట్టారు, అనాథని చూసుకున్నారు, ఊరుగాని ఊళ్ళో ఒంటరివాడికి నా అన్నవాళ్ళు దొరికారు అంటాడు. తాను అజ్ఞేయవాదినని, అంటే దేవుడున్నాడో లేడో తెలియదనేవాణ్ణని, ముందే చెప్పుకుని ఈ మాట రాశాడు. నాకు ఆ పుస్తకంలో బాగా నచ్చిన చోటు అదే.

ఈ ఆందోళనా యుగం అన్న పేరుని ఒప్పుకోనివాడు పీటర్ బ్రౌన్ అనే చరిత్రకారుడు. చిత్రం ఏమిటంటే బ్రౌన్‌దీ ఐర్లండే, పుట్టినరోజూ జూలై 26, 1935. 2008లో మన రొమిలా థాపర్‌తో కలిసి క్లూగె ప్రైజ్ అందుకున్నది ఈయనే. ఒక యుగం మొత్తానికి ఆందోళన అంటగట్టలేం, ఆ మనుషులు భయంతో దేవుడి దగ్గరికి పారిపోలేదు, పలుకుబడి కోసం, పోటీ కోసం, తమ బలం ఎక్కణ్ణుంచి వస్తుందో చూపించడం కోసం దేవుణ్ణి పట్టుకున్నారు అంటాడు బ్రౌన్. ఎక్కువమంది ఇప్పుడు బ్రౌన్ పక్షం. నేనూ అటే. కాకపోతే, డాడ్స్ ఆ తలుపు తీసి ఉండకపోతే బ్రౌన్ లోపలికి వచ్చి కుర్చీలు మార్చగలిగేవాడా అని అనుమానం.

ఆనీ 1973లో పోయింది. 1977లో ఆత్మకథ వచ్చింది. దానికి ఆయన పెట్టిన పేరుకి అర్థం 'కనపడకుండా పోయినవాళ్ళు'. ఎవరో కాదు, తానే, పాత పాత తానులు. పొగరు కుర్రాడు, తిరుగుబాటు కుర్రాడు, కవి. 1979లో ఆక్స్‌ఫర్డ్ పక్కన ఓల్డ్ మార్‌స్టన్ అనే పల్లెలో పోయాడు.

ఇక ఆ పెన్సిల్ మాట. ఎవరు రాశారో నాకు తెలీదు. చేతిరాత గుండ్రంగా, పాతకాలపు బళ్ళో నేర్చినట్టుంది. ప్రశ్నార్థకం మాత్రం గట్టిగా నొక్కి పెట్టారు, కాగితం వెనకవైపుకి తేలింది. దాని పక్కన జవాబేదో రాద్దామని నేను రెండుమూడుసార్లు పెన్సిల్ తీశాను, రాయలేదు. పుస్తకం ఇదిగో, టేబుల్ మీద పెడుతున్నాను. టీ తాగుతూ చూడండి. కప్పు మాత్రం దాని మీద పెట్టకండి, వెళ్ళేటప్పుడు పట్టుకెళ్ళిపోకండి.